తొలి నాయిక బిరుదు చాటున కమలాబాయి

తెలుగు సినిమా చరిత్ర చెప్పేవాళ్లంతా సురభి కమలాబాయి పేరు ఒకసారి తప్పకుండా తలుచుకుంటారు. ఆ ఒక్కసారితోనే సరిపెట్టేస్తారు కూడా. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’, అందులో లీలావతి వేషం కమలాబాయిది, కాబట్టి ఆమె తొలి తెలుగు కథానాయిక. పోటీ పరీక్షలో ఒక మార్కు తెచ్చుకోవడానికి ఇంతకు మించి అక్కర్లేదు. కానీ ఆ ఒక్క వాక్యం దాటి చూస్తే కనిపించేది వేరే బొమ్మ. 1932లో వచ్చిన మూడు తెలుగు టాకీల్లోనూ నాయిక ఆవిడే. ఆ తర్వాత బొంబాయిలో పదేళ్లపాటు హిందీ చిత్రాల్లో పనిచేసింది. 1951లో ‘పాతాళభైరవి’లో తోటరాముడి తల్లిగా కనిపించింది. ఊహ తెలియక ముందే స్టేజీ ఎక్కిన మనిషి నడివయసు దాటేదాకా మొహానికి రంగు వేసుకుంటూనే ఉంది. ఇంత పొడుగు వృత్తిని ‘మొట్టమొదటి’ అన్న ఒక్క మాటలో కట్టిపడేయడం వల్ల ఆమెకు జరిగిన అన్యాయం సరే, మనకూ ఒక నష్టం జరిగింది. నాటకం నుంచి వచ్చినవాళ్లు టాకీకి మోసుకొచ్చింది గొంతు చించుకోవడం, చేతులు తిప్పడం, రాగం సాగదీయడం మాత్రమేనని, సినిమా ఎదగడమంటే వాళ్లను వదిలించుకోవడమేనని ఒక అభిప్రాయం మనలో పాతుకుపోయింది. కమలాబాయి వృత్తిని మొదటి నుంచి చివరి దాకా చదివితే ఆ అభిప్రాయం నిలవదు. రంగస్థలం టాకీకి ఇచ్చిన అసలు ఆస్తి నటనా శైలి కాదనీ, నాటక సమాజాల్లో అలవడిన పనితనమనీ నేను అనుకుంటున్నాను.

ఆ పనితనం ఎక్కడ తయారైందో ముందు చూడాలి. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో వనారస గోవిందరావు ‘కీచకవధ’ ఆడించడంతో మొదలైన నాటక సమాజం సురభి. కుటుంబం కుటుంబమంతా కళాకారులే. మిగతా సమాజాల్లో ఆడవేషాలు మగవాళ్లు కడుతున్న రోజుల్లోనే సురభిలో స్త్రీ పాత్రలు స్త్రీలే వేశారు. సురభివాళ్ల భాషలో ‘మకాం’ అంటే ఒక ఊళ్లో నెలల తరబడి దిగడం. అక్కడే హాలు కట్టుకోవాలి, తెరలు బిగించుకోవాలి, రోజుకో నాటకం ఆడాలి. ఈ రాత్రి సీత అయిన అమ్మాయి రేపు రాత్రి చెలికత్తె కావచ్చు, ఎల్లుండి మగవేషం కట్టవచ్చు. ఎవరికైనా జ్వరం వస్తే ఆ వేషం ఇంకొకరు అందుకోవాలి, కాబట్టి తన పాత్ర ఒక్కటే వస్తే చాలదు, నాటకమంతా నోటికి రావాలి. కమలాబాయి 1907లో ఇలాంటి కుటుంబంలో పుట్టింది. తల్లి నాటకం ఆడుతూ ఉండగానే నొప్పులు వచ్చి స్టేజీ మీదే ప్రసవించిందన్న కథ సురభివాళ్లలో ఉంది. ఆ కథను అలా ఉంచినా, చిన్నప్పుడే బాలపాత్రలు వేసి, పెరిగాక నాయిక వేషాలకూ మగవేషాలకూ అలవాటు పడిన మనిషి ఆవిడ అన్నది మాత్రం ఆమె బొంబాయి రైలు ఎక్కేనాటికి చేతిలో ఉన్న పెట్టుబడి. పాతికేళ్లు రాకముందే ఇన్నేళ్ల అనుభవం ఇంకే ఉద్యోగంలోనూ దొరకదు.

ఇక బొంబాయిలో ఆమె కోసం ఎదురుచూస్తున్న యంత్రం సంగతి. 1931 మార్చి 14న విడుదలైన ‘ఆలం ఆరా’తో ఇండియా సినిమాకు మాట వచ్చింది. దాన్ని తీసిన అర్దేషిర్ ఇరానీ ఇంపీరియల్ స్టూడియోలోనే హెచ్.ఎం. రెడ్డి మొదట తమిళ, తెలుగు మాటలు కలగలిసిన ‘కాళిదాస్’, ఆ వెంటనే పూర్తి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ తీశారు. ఆ స్టూడియో పక్కనే రైలు పట్టాలు. పగలంతా రైళ్ల మోత కాబట్టి ‘ఆలం ఆరా’ చిత్రీకరణ చాలావరకు రాత్రిపూట, బళ్లు ఆగిన గంటల్లో జరిగింది. బొమ్మ, ధ్వని ఒకేసారి ఒకే ఫిల్ము మీద పడే పద్ధతి. మైకు ఎక్కడో చాటున దాచిపెట్టి ఉంటుంది. నటి దాని దరిదాపుల్లోనే మసలాలి, కానీ దాన్ని చూడకూడదు, దానివైపు మొహం తిప్పకూడదు. నేపథ్య గానం ఇంకా పుట్టలేదు. పాట అంటే నటి నటిస్తూనే, వాద్యాలు కెమెరా కంటికి అందని చోట మోగుతూ ఉండగా, అక్కడికక్కడే పాడాలి. మధ్యలో శ్రుతి జారినా, ఎవరో తుమ్మినా మళ్లీ మొదటి నుంచి. ఫిల్ము ఖరీదు కాబట్టి ‘మళ్లీ’ అన్న మాట యజమాని చెవికి ఇంపుగా ఉండదు. చందాల కేశవదాసు పాటలు రాసిన ఆ చిత్రం ఇరవై రోజుల లోపే పూర్తయిందని చరిత్రకారులు రాశారు. కొత్త యంత్రం, కొత్త ఊరు, తెలుగు రాని సాంకేతిక నిపుణులు, నిశ్శబ్దం కోసం అర్ధరాత్రి దాకా కాచుకోవడం, ఇన్ని అడ్డంకుల మధ్య అంత తొందరగా ఒక టాకీ ఎలా ముగిసింది? నాకు దొరికే జవాబు ఒక్కటే. నటులు నాటకాన్ని మోసుకుని వచ్చారు. సంభాషణలు నోట్లో ఉన్నాయి, పాటలు గొంతులో ఉన్నాయి, ఎవరి తర్వాత ఎవరు మాట్లాడాలో ఒంటికి తెలుసు. హిరణ్యకశిపుడైన మునిపల్లె సుబ్బయ్యదీ స్టేజీ అనుభవమే. ఆ ఇరవై రోజుల వెనక ఎన్నో మకాముల రిహార్సలు ఉంది. నిర్మాత దానికి పైసా ఖర్చు పెట్టలేదు.

కమలాబాయికి 500 రూపాయలు ఇస్తామని చెప్పి, పని చూశాక 1,000 రూపాయలూ దారిఖర్చులకు మరో 150 రూపాయలూ ఇచ్చారని చెబుతారు. ఇది ఔదార్యంగా చెప్పుకునే కథ. నాకు మాత్రం నిర్మాత లెక్క సరిచూసుకున్నట్టు అనిపిస్తుంది. తనకు ఎన్ని రోజులు, ఎన్ని అడుగుల ఫిల్ము మిగిలిందో ఆయనకు తెలిసే ఉంటుంది.

ఇక్కడ తేదీల ముచ్చట ఒకటి చెప్పుకోవాలి, ఎందుకంటే తర్వాత అది పనికొస్తుంది. ‘భక్త ప్రహ్లాద’ 1931 సెప్టెంబర్ 15న విడుదలైందని దశాబ్దాలపాటు పుస్తకాల నిండా రాశారు, సభలు పెట్టారు, దండలు వేశారు. జర్నలిస్టు రెంటాల జయదేవ పాత పత్రికలు, సెన్సార్ కాగితాలు తిరగేసి ఆ సినిమా 1932 జనవరి 22న సెన్సార్ పూర్తి చేసుకుని, ఫిబ్రవరి 6న బొంబాయి కృష్ణా థియేటర్లో విడుదలైందని తేల్చారు. బొమ్మ లేకపోయినా కాగితాలు మాట్లాడతాయని దీనివల్ల తెలిసింది. తేదీ మారడంతో ఇంకో సంగతి కూడా బయటపడింది. అదే 1932లో సాగర్ కంపెనీ సర్వోత్తమ్ బదామీ దర్శకత్వంలో ‘పాదుకా పట్టాభిషేకం’, ‘శకుంతల’ తీసింది. మొదటిదానిలో సీత, రెండోదానిలో శకుంతల కమలాబాయే. యడవల్లి సూర్యనారాయణ దుష్యంతుడు. అంటే తెలుగు మాట్లాడే సినిమా పుట్టిన ఏడాదిలో దాని నాయిక కంఠమంతా ఒక్క మనిషిదే. ఒకసారి అవకాశం రావడం అదృష్టం అనుకోవచ్చు. వేరే కంపెనీ, వేరే దర్శకుడు, అదే ఏడాది రెండుసార్లు పిలిచారంటే అది అదృష్టంతో అయ్యే పని కాదు. 1933లో ‘పృథ్వీపుత్ర’ కూడా ఆమె చేతికే వచ్చింది.

ఆ తర్వాత ఆమె చేసినది ఇంకా ఆశ్చర్యం. సాగర్ కంపెనీలో ఉండిపోయి, హిందీ నేర్చుకుని, పాతిక హిందీ చిత్రాల దాకా వేషాలు వేసింది. తెలుగు రంగస్థలం నుంచి వెళ్లిన నటి బొంబాయిలో స్థిరపడి ఇంకో భాషలో జీతానికి నటించడం ఈనాటికీ వార్తే. గూడూరు జంక్షన్‌లో రైలు పట్టాలు రెండుగా చీలిపోతాయని ఆ పక్కనే ఉన్న చిల్లకూరువాళ్లకు కొత్తగా చెప్పక్కర్లేదు. ఒకటి నేరుగా మద్రాసుకు, ఇంకొకటి రేణిగుంట మీదుగా బొంబాయి వైపుకు. ఎవరు ఏ బండి ఎక్కారన్నది అలా ఉంచి, తెలుగు నటుల వలస దారులు కూడా అలాగే చీలాయి. 1934లో మద్రాసులో ధ్వని స్టూడియోలు లేచి, వేల్ పిక్చర్స్ ‘సీతాకల్యాణం’ తీసేదాకా తెలుగు టాకీ అంటే బొంబాయో కలకత్తానో. మద్రాసు దారి తెరుచుకున్నాక చాలామంది అటే మళ్లారు. కమలాబాయి బొంబాయిలో ఆగిపోయింది. మన సినిమా చరిత్ర మద్రాసు కేంద్రంగా రాసుకున్నది కాబట్టి ఆ పదేళ్లూ అందులో లెక్కకు రాలేదు. ‘తొలి నాయిక, ఆపైన తెరమరుగు’ అని రాసేస్తారు. తెరమరుగైంది ఆవిడ కాదు, మన చూపు అటు వెళ్లలేదు.

రంగస్థల నటులు సినిమాలో ఎందుకు నిలవలేకపోయారన్న ప్రశ్నకు ‘అతి నటన’ అని జవాబు చెప్పడం రివాజు. దాన్ని పరీక్షించడానికి బళ్లారి రాఘవ కంటే మంచి ఉదాహరణ దొరకదు. 1880లో తాడిపత్రిలో పుట్టి, బళ్లారిలో న్యాయవాద వృత్తి చేసుకుంటూ నాటకాన్ని ప్రాణంగా చూసుకున్న మనిషి. పద్యాన్ని రాగాలతో సాగదీసి ఈలలు వేయించుకునే పద్ధతిని ఆయన బాహాటంగా వ్యతిరేకించారు. మాట మాటలా ఉండాలన్నారు, ఆడవేషం ఆడవాళ్లే వేయాలన్నారు, చదువుకున్న స్త్రీలను స్టేజీ ఎక్కించారు. ఇంగ్లండు వెళ్లి అక్కడి రంగస్థలాన్ని చూసొచ్చారు. ‘అతి నటన’ సిద్ధాంతం నిజమైతే కెమెరా ముందు అందరికంటే ఎక్కువ కాలం నిలవాల్సినవాడు ఆయనే. కానీ ఆయన చేసినవి మూడే మూడు సినిమాలు. 1936లో ‘ద్రౌపదీ మానసంరక్షణం’, 1939లో గూడవల్లి రామబ్రహ్మం ‘రైతుబిడ్డ’, 1940లో ‘చండిక’. మొదటిది అదే ఏడాది వచ్చిన ‘ద్రౌపదీ వస్త్రాపహరణం’ ముందు నిలవలేకపోయింది. రాగాల సురభి నుంచి వెళ్లిన కమలాబాయేమో రెండు భాషల్లో దశాబ్దాలు నిలిచింది. శైలి ఒక్కటే కారణమైతే ఫలితం తలకిందులుగా ఉండాలి.

రాఘవకు అప్పటికే యాభై ఆరేళ్లు కదా, కుర్రతనం పోయాక సినిమాకు వస్తే ఎవరు మాత్రం ఏం చేయగలరని అడగవచ్చు. సబబైన ప్రశ్నే. కానీ హోమియో వైద్యం చేసుకుంటూ నాటకాలాడిన గోవిందరాజుల సుబ్బారావు నలభై దాటాక ‘మాలపిల్ల’ (1938)తో మొదలుపెట్టి, ‘షావుకారు’ (1950)లో చెంగయ్యగా నటించేనాటికి యాభై దాటారు. ఆ చెంగయ్యను చూసిన ఎవరూ ఆయన నటనను నాటకాల బాపతు అని తీసిపారేయలేరు. కన్యాశుల్కం లుబ్ధావధాన్లుగా స్టేజీని ఏలిన మనిషే తెర మీద కనుబొమ లేపి పని జరిపించుకున్నాడు. వయసు కారణం కాదు. సుబ్బారావు నా వాదనకు కూడా కొంత చిక్కు తెస్తాడని ఒప్పుకోవాలి. ఆయన సురభి లాంటి సమాజంలో పెరగలేదు, నాటకం ఆయనకు కడుపు నింపే పని కాదు. అందుకని వృత్తి నటులు గెలిచారు, సరదా నటులు ఓడారు అని గీత గీయలేను. గీయగలిగింది ఇంతే. కెమెరా ముందు పదే పదే నిలబడే అవకాశం, అవసరం ఉన్నవాళ్లు ఆ పనిని నేర్చుకున్నారు. రాఘవ సినిమాను అతిథిగా చూశారు, సినిమా కూడా ఆయన్ను అతిథిగానే చూసింది. కమలాబాయికి అది కూలి. మకాం ఎక్కడ పడితే అక్కడి పని నేర్చుకోవడం పుట్టుకతో వచ్చిన అలవాటు.

పసుపులేటి కన్నాంబ కథ ఇదే వైపు మొగ్గుతుంది. ఏలూరు నుంచి వచ్చి, స్టేజీ మీద చంద్రమతిగా పేరు తెచ్చుకున్న నటి. నెల్లూరులో పుట్టిన పి. పుల్లయ్య తీసిన ‘హరిశ్చంద్ర’ (1935)లో అద్దంకి శ్రీరామమూర్తి పక్కన అదే చంద్రమతిగా తెరకెక్కింది. 1942లో తమిళ ‘కణ్ణగి’లో ఆమె చెప్పిన మాటలకు తమిళనాడు ఊగిపోయింది. ఆమె తమిళ బిడ్డ కాదు. ఇంకొకరి భాషలోని పొడుగాటి సంభాషణను అక్షరం జారకుండా పట్టి, ఆవేశం ఎక్కడ పెంచాలో ఎక్కడ దించాలో తెలిసి చెప్పడం, ఇది పద్యం నేర్చిన గొంతుకు కొత్త విద్య కాదు. తమిళంలో తొలి నాయిక అయిన టి.పి. రాజలక్ష్మి కూడా నాటకాల నుంచి వచ్చిన మనిషే, 1936లో ‘మిస్ కమల’కు తానే దర్శకత్వం వహించింది. ముగ్గురూ స్త్రీలు కావడం యాదృచ్ఛికం అనుకోను. స్థానం నరసింహారావు లాంటి మహానటుడు సత్యభామగా, చింతామణిగా జనాన్ని మైమరపిస్తున్న కాలం అది. స్టేజీకీ ప్రేక్షకుడికీ మధ్య ఉన్న దూరం ఆ మాయను కాపాడింది. కెమెరా ఆ దూరాన్ని తినేసింది. ఆడవేషం కట్టే మగవాళ్లకు సినిమాలో రేపు అన్నది లేకపోయింది, అప్పటికే స్టేజీ మీద నలిగి ఉన్న కొద్దిమంది స్త్రీలకు ఒక్కసారిగా గిరాకీ పుట్టింది. ఆడపిల్లల్ని స్టేజీ ఎక్కించినందుకు అప్పటి దాకా మాటలు పడిన సమాజాలే ఆ కొరత తీర్చాయి.

‘తొలి టాకీలు సినిమాలే కావు, కెమెరా పెట్టి తీసిన నాటకాలు’ అన్న మాట సినిమా విమర్శకుల నోట తరచూ వినిపిస్తుంది. ఆ మాటలో నిజం ఉంది. కెమెరా కదల్లేదు, సీను స్టేజీ సీనులాగే తెరుచుకుని మూసుకుంది. అయితే కెమెరా కదలకపోవడానికి కారణం నటులు కాదు, ధ్వని పరికరాలు. 1927లో ‘ది జాజ్ సింగర్’ వచ్చాక హాలీవుడ్‌లో కూడా ఇదే తంతు. మూకీల్లో గాలిలా తిరిగిన కెమెరా చప్పుడు చేస్తుందని గాజు గదిలో బంధించారు, మాట చక్కగా పలకగల నటుల కోసం న్యూయార్క్ నాటకాల మీద పడ్డారు. యంత్రం కుంటుతున్న నాలుగైదేళ్లు చిత్రాన్ని నిలబెట్టింది ఈ నటుల గొంతులు. యంత్రం కుదురుకున్నాక, ‘వీళ్ల వల్లే మా సినిమా నాటకంలా ఉంది’ అని నెపం వాళ్ల మీదకు తోయడం న్యాయంగా లేదు. రాగం సాగదీతకూ అదే జవాబు. నేపథ్య గానం లేని రోజుల్లో పాటను ఎడిటింగు బల్ల దగ్గర అతికే వీలు లేదు. గాయకురాలి ఊపిరి ఎక్కడ ఆగితే సీను అక్కడ ఆగింది.

ఇంతకంటే గట్టి అభ్యంతరం ఇంకొకటి ఉంది. ‘భక్త ప్రహ్లాద’ ప్రతి ఇప్పుడు లేదు. చూడని నటనను మెచ్చుకోవడం ఎంతవరకు సబబు? లీలావతిగా ఆవిడ గొప్పగా చేసిందని నేను అనడం లేదు, అనలేను. నేను మాట్లాడుతున్నది పని గురించి, పనికి ఆనవాళ్లు ఉన్నాయి. మూడు సినిమాలు, రెండు కంపెనీలు, పదేళ్ల హిందీ, మళ్లీ తెలుగు. ఇవి అభిరుచికి సంబంధించిన తీర్పులు కావు, డబ్బు పెట్టినవాళ్లు మళ్లీ మళ్లీ తీసుకున్న నిర్ణయాలు. ఆపైన ‘పాతాళభైరవి’ ఉంది. అది చూడటానికి ఎవరికీ అడ్డం లేదు. ఉజ్జయిని రాజకుమారి, పాతాళభైరవి, ఎస్వీ రంగారావు మాంత్రికుడు, ఇన్ని మాయల మధ్య తోటరాముడి తల్లి నేల మీద నిలబడిన మనిషి. కొడుకు మీద బెంగను ఆమె గొంతు పెంచకుండా పలుకుతుంది. నలభై నాలుగేళ్ల వయసులో, ఇరవై ఏళ్ల కిందట మైకు ముందు రాగం తీసిన గొంతే ఇక్కడ వంటింటి మాటలా వినిపిస్తుంది. అదే ఏడాది ‘మల్లీశ్వరి’లో నాగరాజు తల్లి కూడా ఆవిడే. స్టేజీ వాసన పోని నటిని విజయా, వాహినీ సంస్థలు ఆ ఏడాది తమ పెద్ద చిత్రాల్లో నాయకుడి తల్లిగా ఎందుకు పెట్టుకుంటాయి?

నాయిక నుంచి తల్లి పాత్రకు జరగడం పతనం అని కూడా కొందరు రాశారు. మగవాడైతే అదే వయసులో ప్రేమగీతాలు పాడుతూనే ఉండేవాడన్నది నిజమే, ఆ వివక్ష గురించి ఎంత మాట్లాడినా తక్కువే. అయినా సురభి లెక్కలో చూస్తే ఇందులో అవమానం లేదు. ఆ సమాజంలో వయసు పెరిగిన కొద్దీ వేషం మారుతుంది, మనిషి మాత్రం స్టేజీ దిగదు. ఇక్కడ ఒక హెచ్చరిక కూడా అవసరం. సమాజాల పనితనాన్ని పొగిడే ఊపులో వాటి కఠినత్వాన్ని మరిచిపోకూడదు. పిల్లలకు బడి లేదు, నిద్ర చాలదు, మకాం నడవకపోతే తిండికి కటకట. స్త్రీల సంపాదన వాళ్ల చేతికి ఎంత వచ్చిందో, ఇంటిపెద్ద చేతుల్లో ఎంత కరిగిపోయిందో రాసిపెట్టినవాళ్లు లేరు. ఆ పనితనం మెచ్చదగ్గది, దానికి చెల్లించిన వెల అన్యాయమైనది. ఈ రెండు మాటలూ కలిపే రాయాలి. ‘తొలి నాయిక’ అన్న బిరుదు ఈ రెంటినీ కప్పేస్తుంది కాబట్టే నాకు దాని మీద చిరాకు.

ఇప్పుడు ఈ గొడవ దేనికి అంటే, ఆ పనితనం పూర్తిగా చచ్చిపోలేదు. చిల్లకూరు, కోట, వాకాడు వైపు పల్లెల్లో తిరునాళ్లకో శ్రీరామనవమికో నేటికీ పద్యనాటకం పెట్టిస్తారు. కాంట్రాక్టరు నటుల్ని మాట్లాడతాడు, డ్రెస్సుల కంపెనీ పెట్టెలు దించుతుంది, హార్మోనిస్టు శ్రుతి పడతాడు. వేర్వేరు ఊళ్ల నుంచి, అంతకు ముందు ఒకరి మొహం ఒకరు చూడనివాళ్లు కూడా వచ్చి, రిహార్సలు అన్న మాట లేకుండా తెల్లవారేదాకా ‘సత్య హరిశ్చంద్ర’ ఆడేస్తారు. ఒకే రాత్రి మొదటి హరిశ్చంద్రుడు ఒకరు, కాటి సీనుకు ఇంకొకరు. ఎదుటివాడు పద్యం ఎక్కడ ఎత్తుకుంటాడో, ‘వన్స్ మోర్’ కొడితే ఎలా తిరగందుకోవాలో, ఎదుటి నటుడు తడబడితే మాట ఎలా అందించాలో వీళ్లకు తెలుసు. 1932లో బొంబాయి స్టూడియోలో ఒక్క టేకులో సీను ముగించిన నటులకు తెలిసిన విద్య ఇదే. వీళ్లను మనం సంప్రదాయం అని శాలువా కప్పుతాం, నంది నాటకోత్సవాల్లో బహుమతి ఇస్తాం, ఫొటో దిగుతాం. ఎవరూ వాళ్లను పని గురించి అడగరు.

పద్యనాటకం ఇప్పుడు ఎవరు చూస్తున్నారు, జనం లేని కళకు డబ్బు తగలేయడం ఎందుకు అని అడిగేవాళ్లు ఉంటారు. జనం తగ్గారు, నిజమే. నేను నాటకాన్ని బతికించమని అడగడం లేదు, అది బతకడం ప్రేక్షకుల చేతిలో ఉంది. ఆ పని తెలిసినవాళ్లు ఉండగానే దాన్ని రాసుకోమంటున్నాను. పద్యాలు రికార్డు చేయడంతో సరిపోదు, అవి యూట్యూబ్ నిండా ఉన్నాయి. ఒక వేషం నోటికి రావడానికి ఎన్నాళ్లు పట్టింది, ఎవరు నేర్పారు, చదువు రాకుండా పద్యం ఎలా పట్టారు, మైకు వచ్చాక గొంతు వాడే తీరు ఎలా మారింది, ఒక రాత్రికి మొదట ఎంత ఇచ్చారు, ఇప్పుడు ఎంత ఇస్తున్నారు, ఆడవాళ్లకూ మగవాళ్లకూ తేడా ఎంత, సినిమాకో టీవీ సీరియల్‌కో వెళ్లినవాళ్లు అక్కడ ఏం మార్చుకోవాల్సి వచ్చింది. ఇలాంటి ప్రశ్నలు అడిగి, జవాబులు తేదీలతో సహా భద్రపరచాలి. కరపత్రాలు, గ్రామఫోన్ రికార్డులు, పాటల పుస్తకాలు ఇళ్లల్లో చెదలు పట్టిపోకముందే ఫొటోలు తీయాలి. ఒక విడుదల తేదీని సరిదిద్దినవి అలాంటి కాగితాలే. ఆంధ్రప్రదేశ్ చలనచిత్ర, టీవీ, నాటకరంగ అభివృద్ధి సంస్థ పేరులోనే మూడు రంగాలూ ఉన్నాయి. ఈ మూడింటి మధ్య మనుషులు ఎలా తిరిగారో నమోదు చేయడం ఆ సంస్థ చేయదగ్గ పని. ఉత్సవాలతో పోల్చితే ఖర్చు కూడా తక్కువే.

కమలాబాయి 1971లో పోయింది. ఆవిణ్ని ఈ ప్రశ్నలు అడిగే వీలు అప్పటిదాకా ఉంది. మైకు ఎక్కడ దాచారు, మొదటి టేకు చెడితే ఏమన్నారు, హిందీ ఎవరు నేర్పారు, సాగర్ కంపెనీ నెలకు ఎంత ఇచ్చింది, అందులో తన చేతికి ఎంత వచ్చింది. పుట్టుక గురించి, తొలి సినిమా గురించి, ఆ వెయ్యి రూపాయల గురించి మాత్రం మనకు కథలు మిగిలాయి.